డ్రమ్ములో బతుకమ్మ

ఈ పొద్దున నడకకు వెళ్తే, ఈ పరదేశపు ఊరు గిరావీన్‌లో మా ఇంటి దగ్గరి రైలు కంచె పక్కన ఒకే ఒక్క కోరియాప్సిస్ పువ్వు కనిపించింది. పసుప్పచ్చని రేకులు, కత్తెరతో కత్తిరించినట్టు అంచులు. ఫోటో తీస్తూ నాలో నేనే నవ్వుకున్నాను.

మా అత్తమ్మ వరంగల్ నుంచి వచ్చిన మొదటి ఏడు ఈ కంచె పొడుగునా ఆ పూలే. ఇక్కడ తంగేడు దొరకదాయె, పండగేమో ముంచుకొస్తోంది. పెళ్లయినప్పటి నుంచి ఒక్క ఏడూ బతుకమ్మ పేర్చకుండా ఉండని మనిషి, ముఖం చిన్నబుచ్చుకుని తిరుగుతోంది. ఈ పూలు కంటపడగానే ప్రాణం లేచొచ్చింది. కొంగు నిండా కోసుకొచ్చి, తాంబాళంలో వరుస మీద వరుస పేర్చి, మోకాలెత్తు బతుకమ్మను నిలబెట్టింది. చుట్టూ తిరగడానికి మేమిద్దరమే. ఇద్దరు తిరిగితే ఆటవుతుందా అన్నాను నేను. నోరు మూసుకుని పాడమంది ఆమె.

తీరా వాగులో కలపడానికి బయల్దేరితే, పక్కింటి ముసలావిడ గేటుకు అడ్డం పడింది. శనివారం వస్తే చాలు, వాగు గట్టున కలుపు పీకే మనిషి.

"నో, నో! నాట్ ఇన్ ది క్రీక్, డార్లింగ్!"

ఎక్కడో అమెరికాలో పుట్టి, ఇక్కడి తోటల్లోకి వచ్చి, కంచె దాటి పారిపోయిన మొక్కట అది. గింజలు నీళ్లలో పడితే గట్టంతా అదే మొలుస్తుందట. అత్తమ్మకు చెప్పాను.

"నీళ్లల్ల ఎయ్యకుంటె బతుకమ్మ ఎట్లయితదే? ఇంత చేసి చెత్తబుట్టల పడేస్తమా?" అని కళ్లనీళ్లు పెట్టుకుంది. ఆ మాట ముసలావిడకు ఇంగ్లీషులో చెప్పాను.

సంగతి విన్న ముసలావిడ పకపకా నవ్వింది. నీళ్లలో ముంచడమేనా, ఈ మొక్కల్ని తానూ చేసేది అదేనంటూ మమ్మల్ని పెరట్లోకి లాక్కెళ్లింది. అక్కడ మూతున్న పెద్ద నీలం డ్రమ్ము. పీకిన కలుపంతా అందులో ముంచి, కుళ్లాక ఆ నీళ్లు గులాబీలకు పోస్తుందట. ఆ రోజు దాన్ని కడిగి కొత్త నీళ్లు పట్టింది. అత్తమ్మ చిటికెడు పసుపు వేసి, దండం పెట్టి, బతుకమ్మను అందులో వదిలింది. ముసలావిడ కూడా దండం పెట్టి, గట్టిగా మూత బిగించింది.

మరుసటి శనివారం నుంచి అత్తమ్మా చేతులకు గ్లౌజులు తొడుక్కుని కలుపు పీకడానికి దిగింది. పూలు డ్రమ్ముకు, వేర్లు సంచికి. ఏడాదికేడాది కంచె వెంట ఆ పూలు పలచబడ్డాయి. బతుకమ్మకని ముసలావిడ ఈ నేలలోనే పుట్టిన పచ్చపూలు పెంచుతోంది.

ఇంటికొచ్చి ఫోటో చూపించాను. అత్తమ్మ కళ్లద్దాలు సర్దుకుని చూసింది.

"ఫోటో తీసినవ్ సరే, పీకినవా లేదా?"

అత్తమ్మ ఈ ఊరి మనిషై ఇన్నేళ్లయిందని ఆ మాటతో తెలిసొచ్చింది నాకు.