అద్దానికి మర్చిపోయిన బొట్టు

గవర్నర్‌పేటలో ఒక సంచీ మీద ఆ మొహం చూడగానే "ఈవిడే!" అని దుకాణంలోనే అరిచేశాను. కలిసిపోయిన కనుబొమలు, తలనిండా పూలు. మెక్సికో చిత్రకారిణి.

చిన్నప్పుడు, డ్రాయింగ్ టీచరైన మా పిన్ని పుస్తకంలో చూశాను. "అద్దంలో చూసుకుంటూ తన బొమ్మ తనే వేసుకుందమ్మా," అంది పిన్ని. బొట్టెందుకు లేదో నాకు తెలిసిపోయింది. "స్నానానికెళ్తూ మా అమ్మలాగే అద్దానికి అంటించి మర్చిపోయింది!" అన్నాను. పరిగెత్తి మా అద్దం మీది స్టిక్కర్ తెచ్చి బొమ్మకు పెట్టేశాను.

పిన్ని ప్రాణంగా చూసుకునే పుస్తకమది. తిడుతుందనుకుంటే, "ఇప్పుడు మనింటి ఆడపడుచులా ఉందే!" అని నవ్వింది.

ఆ చిత్రకారిణి బస్సు ప్రమాదంలో ఎముకలు విరిగి మంచాన పడి, మంచం పైన అద్దం పెట్టించుకుని బొమ్మలు వేసిందని పెద్దయ్యాక తెలిసింది.

సంచీ కొని, నా నుదుటి స్టిక్కర్ ఆవిడకు పెట్టి, పిన్నికి ఫోటో పంపాను.

"మళ్లీ మర్చిపోయిందా?" అని వెంటనే జవాబొచ్చింది.