ఎర్ర లైటు మీద నల్ల టేపు

దయ్యాలంటే నవ్వుకునేవాణ్ణి. కెమెరాకు దొరకనిది లేనట్టేనని పదిమందిలో వాదించేవాణ్ణి. ఇప్పుడు కూడా దయ్యాన్ని చూశానని చెప్పడం లేదు. ఒక తలుపు గురించి చెబుతున్నాను.

నేను డాక్యుమెంటరీలు తీస్తాను. కూలీలు, భూమి లేనివాళ్లు, న్యాయం అందనివాళ్లు. వాళ్ల కష్టాలతోనే నాకు పేరొచ్చింది. రెండేళ్ల కిందట, సిర్గాపూర్ వైపు నుంచి హైదరాబాద్‌కు పనికి వెళ్లేవాళ్ల మీద సినిమా మొదలుపెట్టి, నారాయణఖేడ్ బస్ డిపో దగ్గర గది తీసుకున్నాను.

సుగుణమ్మ గురించి అక్కడే విన్నాను. ఆమె భర్త హైదరాబాద్‌లో కడుతున్న బిల్డింగు మీంచి పడి చనిపోయాడు. తాగి పడ్డాడని మేస్త్రి చేతులు దులుపుకున్నాడు. పరంజా చెక్కలకు మేకులు ఊడి ఊగుతున్నాయని భర్త ముందురోజే ఫోన్లో ఆమెకు చెప్పాడు. కానీ ఆమె మరిది ఇప్పటికీ ఆ మేస్త్రి దగ్గరే పనిచేస్తున్నాడు. ఆమే, అత్తా ఉంటున్న ఆ ఇల్లు గడిచేది అతని కూలితోనే. నేను వాళ్ల ఊరికి వెళ్లి ఆమెను అడిగాను.

"మాట చెప్త. మొఖం మాత్రం వద్దు సారూ. మేస్త్రి చూసిండంటే మా మరిదిని పనికి రానియ్యడు," అంది.

"సరే అక్కా, గొంతొక్కటే," అన్నాను.

కెమెరా నడుస్తున్నప్పుడు ముందువైపు చిన్న ఎర్ర లైటు వెలుగుతుంది. అది చూస్తే మనుషులు బిగుసుకుపోతారని మేం దాని మీద నల్ల టేపు అంటిస్తాం. ఆ రోజూ టేపు ఉంది. లైటు కనబడలేదు కాబట్టి కెమెరా ఆపే ఉందని, మైకొక్కటే నడుస్తోందని అనుకుంది ఆమె. నేను కాదనలేదు. ఆమె చెప్పినంతసేపూ ముఖం తీస్తూనే ఉన్నాను. తర్వాత ఎలాగో ఒప్పించవచ్చు అనుకున్నాను.

మాటలయ్యాక గదిలోని నిశ్శబ్దాన్ని కూడా కాసేపు రికార్డు చేస్తాం. ఎడిటింగ్‌లో మాటల మధ్య ఖాళీలు నింపడానికి. అత్తాకోడళ్లను వాకిట్లో కూర్చోమని, ఫ్యాను ఆపి, తలుపు మూసి, ఒక్కణ్ణే నిలబడ్డాను. మిట్టమధ్యాహ్నం. పైన రేకులు. కిటికీ లేదు.

చాలనుకుని తలుపు తోశాను. కదల్లేదు. గొళ్లెం పెట్టి లేదు. భుజంతో నెట్టాను. చేతికి చెక్క గరుకుగా తగిలింది, మేకు గీరుకుని అరచెయ్యి చీరుకుపోయింది. వేడికి ఊపిరాడటం లేదు. "అక్కా, తలుపు తియ్యి!" అని అరిచాను. వాకిట్లో వాళ్ల మాటలు నాకు వినిపిస్తున్నాయి. నా అరుపు వాళ్లకు చేరడం లేదు. వెనక్కి తిరిగితే కెమెరా. దాని వైపు చూడలేక మళ్లీ తలుపుకే అతుక్కుపోయాను.

"ఏంది సారూ, గాలిని నూకుతున్నవ్?"

సుగుణమ్మ ఎదురుగా నిలబడి ఉంది. తలుపు బార్లా తెరిచి ఉంది.

"ఎండ తలకెక్కినట్టుంది పట్నపోనికి. జల్దీ నీళ్లియ్యి," అంటూ అత్త నవ్వింది.

నేను మూసిన తలుపు ఎవరు తెరిచారని అడిగాను.

"నువ్వు మూస్తే గదా! మేం గిక్కడనే కూసున్నం," అంది సుగుణమ్మ.

వడదెబ్బే అనుకుని గదికి వచ్చాను. సాయంత్రం కెమెరాలో చూశాను. ఆమె కూర్చున్న మంచం వెనకే గుమ్మం కనిపిస్తోంది. తలుపు మొదటినుంచీ తెరిచే ఉంది. గుమ్మంలో నేను, రెండు చేతులూ గాలికి ఆనించి నిలబడి ఉన్నాను. పక్కకు తిరిగినప్పుడల్లా నోరు కదలడం కనిపిస్తోంది. గొంతు మాత్రం లేదు. పిచ్చుకల చప్పుడు, వాకిట్లో అత్తాకోడళ్ల మాటలు, అంతే.

మర్నాడు ఆటోలో వెళ్లి సుగుణమ్మకు లైటు మీది నల్ల టేపు సంగతి చెప్పాను. ఆమె ముఖం ఆమెకు చూపించాను. 

"నిన్ను నమ్మి కూసున్న," అంది. "నా ముంగటనే తీసెయ్యి."

"అంతానా?"

"అంతా."

కెమెరా ఆపలేదు కాబట్టి ఆమె ముఖమూ, ఆ గుమ్మమూ ఒకే ముక్కలో ఉన్నాయి. గుమ్మం ఉన్న భాగం మాత్రం కత్తిరించి దాచుకుందామా అని ఆ క్షణంలో కూడా ఆలోచించాను. నేను అలాంటివాణ్ణి. ఆమె నా వేలి వైపే చూస్తోంది. తీసేశాను.

సినిమా ఆమె లేకుండానే పూర్తయింది. మధ్యలో ఏదో వెలితి ఉందన్నారు చూసినవాళ్లు. మరిది పని పోలేదు. వేడికి అలాంటి భ్రమలు కలుగుతాయని డాక్టరు చెప్పాడు. కావచ్చు.

కానీ అదంతా చెరిపేసిన రోజు, ఆమె ఇంటి నుంచి వచ్చేముందు ఆ తలుపును మరోసారి ముట్టుకుని చూశాను. అది రేకు తలుపు. చెక్క లేదు, మేకు లేదు. నా అరచేతిలో గీత ఇంకా ఉంది. ఏ చెక్క గీరిందో ఇప్పటికీ చెప్పలేను.