హారంలో వర్గమూలం

మనవరాలి నోటుబుక్కులో 1/(√5 − √3) కనబడగానే నాకు కుదురు పోయింది.

బెల్లంపల్లిలో తొమ్మిదో తరగతప్పుడు, హారంలోని వర్గమూలాన్ని తీసేయడం గ్రంథాలయంలో చదివి నేర్చుకున్నానని క్లాసులో గొప్పలు పోయాను. "రేపు బోర్డు మీద చెయ్యి" అని సార్ ఇదే లెక్క ఇచ్చారు.

పైనా కిందా ఒకే సంఖ్యతో గుణించాలని గుర్తుంది. ఏ సంఖ్యతోనో గుర్తులేదు. √5 − √3ని దానితోనే గుణిస్తే 8 − 2√15 వచ్చింది. కాగితం పట్టుకుని ఇల్లంతా తిరిగాను.

గనిలో షిఫ్టు దిగివచ్చిన బాపు, మా నాన్న, చదువు రానివాడు, కాగితంలోకి తొంగిచూశాడు.

"ఏంది బిడ్డా, కాలుగాలిన పిల్లి తీర్గ తిరుగుతున్నవ్?"

"వర్గమూలం పోతలేదు బాపూ."

"గీ రెండూ ఒక్క తీర్గనే రాసినవ్ గదా. గనిల ఒక్క తాడుకు కట్టిన రెండు బొగ్గు టబ్బులు ఒక్క దిక్కే గుంజుతమా? ఒకటి ఎక్కుతుంటె ఒకటి దిగాలె."

నీకేం తెలుసని విసుక్కుంటూనే, రెండోదాంట్లో మైనస్‌ను ప్లస్ చేసి గుణించాను. కింద 5 − 3, అంటే రెండు మిగిలింది. వర్గమూలం లేదు.

మర్నాడు బోర్డు మీద లెక్క చేశాక, ఎవరు నేర్పారని సార్ అడిగారు. "లైబ్రరీ పుస్తకం సార్" అన్నాను.

సాయంత్రం బాపు, "లెక్క అయిందా బిడ్డా?" అన్నాడు. అయిందన్నాను. సార్ అడిగిన ప్రశ్న గురించి మాత్రం, ఇది రాసేదాకా ఎవరికీ చెప్పలేదు.