నవ్వని మోడల్ మా మనవరాలే

మా పెద్ద మనవరాలు మోడల్. ఆషామాషీ మోడల్ కాదు, ఫోన్‌లో మూడు చోట్ల లక్షలమంది చూసే మోడల్. పల్లె బడిలో ఐదో తరగతి దాకా చదివినవాణ్ణి, నాకివన్నీ కొత్తే. అయినా దాని ఘనత నేను చెప్పకపోతే ఎవరు చెబుతారు?

ఇంట్లో దాని పేరు గిలక్కాయ. లేచింది మొదలు పకపకలే. ఫోన్ ముందు నిలబడిందా, ముఖం బిగుసుకుపోతుంది. ఒకచోట కొత్త బట్టలతో ఫోటోలు. ఇంకోచోట గిన్నెలు తోముతూ, బస్సు వెంట పరుగెడుతూ నిమిషం వీడియోలు. మూడోచోట చూసేవాళ్ల ప్రశ్నలకు జవాబులు. అన్నిచోట్లా అదే నవ్వని ముఖం.

“ఎక్కడ చూసినా ఇది నేనేనని తెలియాలి తాతా,” అంటుంది.

తెలిసింది. జనం ‘సీరియస్ మేడమ్’ అని పేరు పెట్టారు. పత్రికలో అరపేజీ వచ్చింది. లామినేషన్ చేయించింది నేనే.

పోయిన నెల చెప్పుల కంపెనీ మేనేజరు మా ఇంటికే వచ్చాడు. ఏడాది పొడుగునా తమ ప్రకటనలన్నీ దానికే ఇస్తామన్నాడు. అంత పెద్ద అవకాశం కోసమే అది కళ్లు కాయలు కాచేలా ఎదురుచూస్తోంది.

“ఒక్క చిరునవ్వు చాలమ్మా.”

“నవ్వనండీ.”

“అందరూ నవ్వుతారు కదా!”

“అందుకేగా వాళ్లను వదిలి నా దగ్గరికొచ్చారు?”

వంటింట్లోంచి మా కోడలు తల బయటపెట్టింది. “ఒసే, ఇంట్లో ఆపమన్నా ఆపవు. ఆయన అడిగితే నీ సొమ్మేం పోయిందే?”

“నువ్వుండవే అమ్మా!”

మేనేజరు టీ సగంలో వదిలేసి వెళ్లిపోయాడు. నేను పైకి మీసం దువ్వుకున్నాను గానీ, ఆయన వీధి మలుపు తిరిగేదాకా గుమ్మంలోంచి కదల్లేదు. పిల్ల పకపకలు మానేసింది. అది చూసి మాకు భయమేసింది.

తర్వాత కంపెనీవాళ్లే ఫోన్ చేశారు. ముఖం వద్దట, పాదాల ఫోటో ఒక్కటి చాలట.

“పాదాలు నవ్వక్కర్లేదు కదా,” అని ఒప్పుకుంది. కొత్త చెప్పులేసుకుని, వేళ్లు బిగబట్టి నిలబడింది.

ఆ ఫోటో బయటికొచ్చిన సాయంత్రానికే కింద కామెంట్లు: “ఇవి సీరియస్ మేడమ్ కాళ్లే! ఇంత కోపంగా ఉండే బొటనవేళ్లు ఇంకెవరికుంటాయి?” “మేడమ్ ముఖం ఎక్కడ దాచారు?”

పాదాలతో పేరు తెచ్చుకున్నవాళ్లు మా వంశంలో ఇంకెవరూ లేరు.

మర్నాడు మేనేజరు మళ్లీ ఫోన్ చేశాడు. “ముఖం కూడా కావాలమ్మా. ఎలా ఉంటే అలాగే.”

“సరేనండీ,” అంది గంభీరంగా. ఫోన్ పెట్టేసి నేలమీద దొర్లి దొర్లి నవ్వింది.

మా కోడలు పరుగెత్తుకొచ్చి కిటికీలు మూసింది. “నెమ్మదే తల్లీ! వీధిలో ఎవరైనా వింటే వచ్చిన పని కాస్తా పోతుంది!”