కుట్టినవాళ్లే ముందు ఎక్కాలి

విమానానికి గుడ్డ కుట్టానంటే మనవాళ్లెవరూ నమ్మరు. జాకెట్లు కుట్టినట్టేనా అని వేళాకోళం చేస్తారు. ఇంచుమించు అలాగే. కాకపోతే సూది మూరెడుంటుంది.

రెండువేల సంవత్సరం రాగానే కంప్యూటర్లన్నీ ఆగిపోతాయని లోకం వణుకుతున్న రోజులవి. ఆ వణుకు పుణ్యమా అని మా ఆయనకు ఆస్ట్రేలియాలో, టూవూంబా అనే ఊళ్లో కాంట్రాక్టు ఉద్యోగం దొరికింది. గుంటూరులో ఎమ్మెస్సీ ఫిజిక్స్ చదివిన నేను ఆయన వెనకే వెళ్లి, ఇంట్లో గోడలు చూస్తూ కూర్చున్నాను.

ఊరి బయట చిన్న విమానాల క్లబ్బు ఒకటి ఉండేది. అక్కడొక ముసలాయన, ఒకప్పుడు పైలట్లకు పాఠాలు చెప్పినవాడు, పాతకాలపు ఫ్రెంచి శిక్షణ విమానాన్ని బాగుచేస్తున్నాడు. రెండే సీట్లు. చెక్క చట్రం మీద గుడ్డ కప్పి, దారంతో కుట్టాలి. చేత్తో కుట్టేవాళ్లు దొరకడం లేదని అతను క్లబ్బువాళ్ల బార్బెక్యూ విందులో వాపోతుంటే మా ఆయనే గొప్పగా అన్నారు, "మా ఆవిడ బ్రహ్మాండంగా కుడుతుంది."

ఆ చలికాలమంతా శనివారాలు ఆ షెడ్డులోనే గడిపాను. రెక్కను నిలబెట్టి, ఇటు నేను, అటు ముసలాయన. నేను సూది గుచ్చితే అతను అటునుంచి లాగి మళ్లీ నాకు పంపేవాడు. మైనం పట్టించిన దారం, నాలుగు వేళ్లకో ముడి. ముడి వదులైతే గాలికి గుడ్డ లేస్తుంది, గుడ్డ లేస్తే మనిషి మిగలడు. చలికి వేళ్లు కొంకర్లు పోయేవి. అయినా ఆ దేశంలో నాకంటూ ఉన్న పని అదొక్కటే.

మొదటిరోజే ముసలాయన చెప్పాడు, "ఈ షెడ్డులో ఒకటే పద్ధతి. కుట్టినవాళ్లే ముందు ఎక్కాలి. నీ కుట్టుకి నువ్వే పూచీ." భయపెట్టడానికే అన్నాడేమో. నాకు మాత్రం ఆ రాత్రి సంతోషంతో నిద్ర పట్టలేదు. పుస్తకాల్లో చదివిన గాలి రెక్కను ఎలా లేపుతుందో లోపల కూర్చుని చూడాలని పట్టుకుంది.

క్రిస్మస్‌కు ముందు విమానం సిద్ధమైంది. చీర కట్టుకుంటే ఎక్కడం కష్టమని ప్యాంటు వేసుకున్నాను. క్లబ్బువాళ్లంతా చుట్టూ చేరారు. ముసలాయన ఇంజను సరిచూసుకుని, "ఎక్కేదెవరు?" అన్నాడు.

నేను అడుగు వేసేలోపే మా ఆయన ముందుకెళ్లారు. "తనకి గిడ్డీనెస్ అండీ. నేనొస్తా," అని అతనికి ఇంగ్లీషులో చెప్పి, నావైపు తిరిగి, "కార్లో ఘాట్ రోడ్డెక్కితేనే వాంతులు నీకు, మళ్లీ ఇదెందుకు? ఎవరెక్కితే ఏంటి, మనం మనం ఒకటే కదా!" అన్నారు.

ఘాట్ రోడ్డు మీద నాకు వాంతులయిన మాట నిజమే. అప్పుడు మూడోనెల. ముసలాయన నావైపు చూశాడు. అంతమందిలో మొగుడితో వాదన పెట్టుకోవడమెలాగో నాకెవరూ నేర్పలేదు.

విమానం పైకి లేచింది. పక్కనున్నావిడ నా చెయ్యి పట్టుకుని, ఆయనకేం కాదులే అంది. నేను ఆయన కోసం భయపడటం లేదు. కుట్టు ఊడకూడదని, ఒక్క ముడి కూడా ఊడకూడదని దండం పెట్టుకుంటున్నాను.

కిందికి దిగి మా ఆయన రెక్క మీద తట్టారు. "పర్లేదు, గట్టిగానే కుట్టావ్."

సెలవుల తర్వాత నన్ను ఎక్కిస్తానన్నాడు ముసలాయన. జనవరి వచ్చింది. ఏ కంప్యూటరూ ఆగలేదు, మా ఆయన కాంట్రాక్టు మాత్రం ఆగింది. సామాను సర్దుకుని మెల్‌బోర్న్ వెళ్లిపోయాం.

ఇప్పుడు ఆ ఊరి శివార్లలో, క్రాన్‌బర్న్‌లో మా ఇంటికి ఎవరు భోజనానికొచ్చినా మా ఆయన ఆ విమానం కథ చెబుతారు. ఒకసారి, కొత్తగా వచ్చిన అమ్మాయి అడిగింది, "ఆంటీ, మీరూ ఎక్కారా?"

"మీ ఆంటీకి భయం," అన్నారాయన.

"భయమేం లేదు. నన్ను ఎక్కనివ్వలేదు," అన్నాను.

అంతా నవ్వారు. అందరికంటే గట్టిగా మా ఆయనే నవ్వారు.