మల్కాజ్‌గిరి ఇంట్లో నాలుగంకెల తాళం

కరోనా రెండో ఏడు దాటిన వేసవిలో, ఏప్రిల్ మొదటి వారాన, నన్ను బెంచి మీద నుంచి తీసి ఫీల్డు విభాగంలో సీనియర్ టెక్నీషియన్‌గా వేశారు. మాది సికింద్రాబాద్‌లో ఒక ఎలక్ట్రానిక్స్ సర్వీసు సెంటర్. సెంటర్లోనే కూర్చుని రిపేరు చేసే బల్లను బెంచి అంటాం. కస్టమర్ ఇంటికి వెళ్లి చేసే పనిని ఫీల్డు అంటాం. మా దగ్గర మెట్లు నాలుగే. ట్రైనీ, టెక్నీషియన్, సీనియర్ టెక్నీషియన్, ఆ పైన సర్వీస్ ఇన్‌ఛార్జ్. మూడో మెట్టు ఎక్కడానికి నాకు ఇరవై ఎనిమిదేళ్లు పట్టింది. నేను చేరిన కొత్తలో, ఆడమనిషి టీవీ విప్పుతుందట అని బోయిగూడలో సెంటర్ పక్కింటివాళ్లు కూడా వచ్చి గుమ్మంలో నిలబడి చూసేవారు. ఆ చూపులన్నీ భరించి తెచ్చుకున్న మెట్టు కాబట్టి దానిమీద నాకు మమకారం ఎక్కువ.

మా ఇన్‌ఛార్జ్ భాస్కర్ గారు ఆ జూన్ ఆఖరున రిటైర్ కావాలి. ఆయన కుర్చీకి రెండు పేర్లు వినిపిస్తున్నాయి. ఒకటి నాది. రెండోది రఫీది. రఫీ నాకంటే పదిహేనేళ్లు వెనక చేరినవాడు, సోల్డరింగ్ ఐరన్ ఎలా పట్టుకోవాలో నేను చూపించినవాడు.

దాపరికం ఎందుకు, రఫీ అంటే నాకు కడుపుమంట. పనిలో నాకంటే మెరుగని కాదు. బోర్డు చేతిలో పెడితే నేను పావుగంటలో పట్టే ఫాల్టుకు అతనికి గంట కావాలి. కానీ ఫోన్ మోగితే చాలు, "రఫీ భాయ్‌నే పంపండి" అనేవారు. పొరుగింటి పుల్లకూర రుచి అన్నట్టు, నేను చేసిన పనికంటే అతను చెప్పిన కబుర్లే జనానికి నచ్చేవి. నేను వెళ్లిన ఇంట్లో మంచినీళ్లు ఇచ్చేవారు. అదే ఇంట్లో రఫీకి చాయ్, ఉస్మానియా బిస్కెట్లు. సాయంత్రం సెంటర్‌కు వచ్చి ఎవరింట్లో ఏం పెట్టారో అతను చెబుతుంటే నేను స్క్రూలు ఏరుకుంటున్నట్టు తల దించుకుని వినేదాన్ని.

ఆ వేసవిలో మాకు ఎక్కువగా వచ్చిన కాల్స్ పిల్లల గేమ్ కన్సోళ్లకు తాళం వేయమని. దీన్ని పేరెంటల్ కంట్రోల్స్ అంటారు. పని పెద్దది కాదు. పిల్లల పేరున విడిగా ఒక అకౌంట్ తెరవాలి, వయసు నమోదు చేయాలి, రోజుకు ఎంతసేపు ఆడవచ్చో పెట్టాలి, ఇంటర్నెట్లో ముక్కూముఖం తెలియనివాళ్లతో మాట్లాడే చాట్ మూసేయాలి. వీటన్నిటికీ పైన నాలుగంకెల పిన్ ఉంటుంది. అది తెలిసినవాళ్లు ఏదైనా మార్చవచ్చు. కాబట్టి మొత్తం భద్రత ఆ నాలుగంకెల్లోనే ఉంది. పిన్‌ను తల్లో తండ్రో స్వయంగా నొక్కాలనీ, ఆ సమయంలో టెక్నీషియన్ చూడకూడదనీ మా నిబంధన. కాగితం మీదున్న నిబంధనే. పాటించేవాడు మాత్రం రఫీ ఒక్కడే. పిన్ దగ్గరికి రాగానే లేచి గోడవైపు తిరిగి నిలబడేవాడు. నాకు అది నాటకంలా కనిపించేది.

మే నెలలో మల్కాజ్‌గిరి నుంచి కవిత అనే ఆవిడ కాల్ బుక్ చేసింది. ఆవిడ ఆసుపత్రిలో నర్సు, భర్త రైల్వేలో గార్డు. ఐదో తరగతి పాస్ అయిన కూతురు అన్విత సెలవుల్లో పగలంతా ఇంట్లోనే ఉంటుంది, కింది వాటాలో ఉన్న ఆవిడ మధ్యమధ్యలో వచ్చి చూసిపోతుంది. రఫీ వెళ్లి గంటన్నర కూర్చున్నాడు. నేనైతే ఇరవై నిమిషాల్లో ముగించే పని. రోజుకు ఎంతసేపు ఆడితే న్యాయమో పిల్లనే అడిగాడట. గంట అందట. ఆ గంటకు పిల్లతోనే కాగితం రాయించి ఫ్రిజ్‌కు అంటించి వచ్చాడు.

పది రోజులకు కవిత మళ్లీ ఫోన్ చేసింది. పిన్ మరిచిపోయింది. రఫీని పంపమంది. రఫీ అప్పుడు మౌలాలిలో ఉన్నాడు, బండి మీద పది నిమిషాల దూరం. ఆ సంగతి నాకు తెలుసు. అయినా, రఫీ ఖాళీగా లేడని చెప్పి నేనే బయలుదేరాను. ఆ ఇంట్లో ఒక్కసారి నా పని చూస్తే రఫీ గంటన్నర ఎంత దండగో వాళ్లకే తెలుస్తుందని నా ఆశ.

తలుపు తీసింది అన్విత. నా వెనక్కి తొంగి చూసి, "రఫీ అంకుల్ రాలేదా?" అంది. అంతే, నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. పదేళ్ల పిల్ల మాటకు అంత మండటం ఏమిటని ఇప్పుడు అనిపిస్తుంది. ఆ రోజు అనిపించలేదు.

పాత పిన్ తీసేయడం ఐదు నిమిషాల పని. కొత్తది నొక్కమంటే కవిత, మళ్లీ మరిచిపోతానేమో మేడమ్, మీరే ఏదో ఒకటి పెట్టండి అంటూ వంటింట్లోకి వెళ్లింది. డ్యూటీకి టైమవుతోంది ఆవిడకు. ఇక్కడ మా హ్యాపీ కోడ్ గురించి చెప్పాలి. కాల్ బుక్ కాగానే కస్టమర్ ఫోన్‌కు నాలుగంకెల నంబరు వస్తుంది. పని నచ్చాక ఆ నంబరు మాకు చెబితేనే కాల్ మూతపడుతుంది. ఆ నంబరు మెసేజ్‌లలోనే ఉంటుంది కదా, మరిచిపోయినా వెతుక్కోవచ్చని నాకు మహా గొప్ప ఆలోచన వచ్చింది. దాన్నే పిన్‌గా పెట్టేద్దామనుకున్నాను. కవిత వంటింట్లో నుంచే కేకేసింది: "అన్వీ, ఆంటీకి నా ఫోన్ల మెసేజ్ చదివి చెప్పు బేటా!" పిల్ల చదివింది. నేను నొక్కాను. ఆ నంబరే పిన్ అని వంటింటి గుమ్మంలో నిలబడి కవితకు చెప్పి, పద్దెనిమిది నిమిషాల్లో గేటు దాటాను. గోడవైపు తిరగడం మాట అటుంచి, పిల్ల నా భుజం పక్కనే నిలబడి ఉంది.

ఇంకో తప్పు కూడా చేశాను. ముప్పై రోజుల్లోపు అదే ఇంటికి మళ్లీ వెళ్తే ఆ పని మొదటి టెక్నీషియన్ జాబ్ కార్డు మీదే ఎక్కుతుంది. వేరేవాళ్లు వెళ్తే తమ పేరు ఒక గడిలో రాయాలి. నేను రాయలేదు. రఫీ కార్డు మీద నా పేరు రెండో పేరుగా ఉండటం నాకు చిన్నతనమనిపించింది.

జూన్ మొదటి సోమవారం భాస్కర్ గారు నన్నూ రఫీనీ గదిలోకి పిలిచారు. పొద్దున్నే కవిత ఫోన్ చేసిందట. ఆదివారం ఆవిడ ఫోన్‌కు కన్సోల్ వారపు నివేదిక వచ్చింది. రోజుకు గంట ఉండాల్సిన ఆట ఐదు గంటలు, ఆరు గంటలు చూపిస్తోంది. మూసిన చాట్ తెరిచి ఉంది. అందులో ఎవరో అన్వితను ఏ స్కూల్ అని అడిగారు. పిల్ల స్కూల్ పేరు చెప్పింది. ఫోటో పంపమని తర్వాత అడిగారు. అదృష్టవశాత్తు అక్కడిదాకానే వచ్చింది, కవిత చూసి అవతలివాళ్ల అకౌంట్‌ను బ్లాక్ చేసింది. ఆవిడ ఫోన్లో ఏడ్చిందని భాస్కర్ గారు చెప్పారు. "మీవాళ్లు వేసిన తాళం నమ్ముకునే కద సార్, పిల్లను ఇంట్ల ఇడిసి డ్యూటీకి పోతున్న" అన్నదట.

ఒకే ఇంటి నుంచి అదే ఫిర్యాదు మళ్లీ వస్తే దాన్ని మేం రిపీట్ కాల్ అంటాం. అది టెక్నీషియన్ మీద మచ్చ. ప్రమోషన్ సమయంలో మొదట చూసేది దాన్నే. కార్డు మీద ఉన్నది రఫీ పేరు ఒక్కటే.

ఇదంతా వినగానే పిన్ ఎలా బయటపడిందో నాకు అర్థమైంది. కళ్లముందు ఫోన్ పట్టుకున్న ఆ పిల్ల కనిపించింది. ఆ పిల్ల గురించి భయం వేసింది, నిజమే. దాని వెనకే సంతోషం కూడా వేసింది. రఫీకి రిపీట్ కాల్. కుర్చీ ఇక నాదే. ఈ రెండోది రాయడానికి ఇన్నేళ్లు పట్టింది నాకు. దొంగకు తేలు కుట్టినట్టు నోరు మూసుకుని నిలబడ్డాను.

రఫీ కార్డు తీసుకుని రెండు వైపులా చూశాడు. పిన్ మార్చిన తేదీ దగ్గర అతని వేలు ఆగింది. ఆ రోజు తను వెళ్లలేదని అతనికి తెలుసు. ఎవరు వెళ్లి ఉంటారో కూడా తెలుసు, ఆ వారం ఫీల్డులో ఉన్నది మేమిద్దరమే. అయినా, "నా కాల్ సార్, నేనే పోయి చూస్తా. అక్కను సుత తీసుకపోతా, సీనియర్ కద" అని మాత్రం అన్నాడు. అక్కడే నా పేరు బయటపెట్టి ఉంటే నాకు ఇంత మండేది కాదు. మంచితనంలో కూడా నన్ను మించాలా ఇతను!

కవిత ఇంటి మెట్లు ఎక్కుతూ రఫీ ఒకే మాట అడిగాడు: "అక్కా, ఆ దినం నువ్వే వచ్చినవ్ గదా?" నేను రెండు మెట్లు ముందుకెళ్లి బెల్ నొక్కాను. అతను మళ్లీ అడగలేదు.

ఇంట్లో కవిత కళ్లు వాచి ఉన్నాయి. అన్విత సోఫా మూలన ముడుచుకుని ఉంది. పిన్ ఎలా దొరికిందో నిన్నటి నుంచి అడుగుతున్నా నోరు విప్పడం లేదని, దొంగతనం నేర్చిందని కవిత అంది. రెండు దెబ్బలు కూడా వేసినట్టుంది. రఫీ నేలమీద కూర్చుని, పరేషాన్ కాకు బిడ్డా, ఎవరూ కొట్టరు, ఏమైందో చెప్పు చాలు అన్నాడు. పిల్ల అతన్ని కాదు, నన్ను చూసింది.

"నేను దొంగతనం చేయలే. ఆంటీకి చదివి చెప్పింది నేనే కదా" అంది. తర్వాత ఇంకా చిన్న గొంతుతో, "రఫీ అంకుల్ అప్పుడు నన్ను సుత బయటికి పొమ్మన్నడు. ఆంటీ నన్ను పక్కన్నే నిల్చోనిచ్చింది. అందుకే నాకు తెలిసినా పర్వాలేదనుకున్న. చెప్తే ఆంటీని తిడతరని చెప్పలే."

నన్ను కాపాడటానికి ఆ పిల్ల రెండు దెబ్బలు తింది. రఫీ రిపీట్ కాల్ మోశాడు. ఇరవై ఎనిమిదేళ్ల సర్వీసున్న నేను మాత్రం స్క్రూడ్రైవర్ సంచి పట్టుకుని నిలబడి ఉన్నాను. ఇక నిలబడలేకపోయాను. ఆ రోజు వచ్చింది నేనని, ఆ పిన్ పెట్టింది నేనని, పిల్ల తప్పు ఇందులో పిసరంత లేదని కవితతో చెప్పాను. రఫీ ఖాళీగా లేడని నేను అబద్ధం చెప్పానని కూడా చెప్పాను. ఎందుకు చెప్పానో ఆవిడ అడగలేదు. నన్ను తిడుతుందనుకున్నాను. తిట్టలేదు. కూతుర్ని దగ్గరికి లాక్కుని, "మొదలే చెప్పొద్దా బేటా" అని మళ్లీ ఏడ్చింది.

తాళం మళ్లీ మొదటి నుంచి వేశాం. అకౌంట్ కొత్తది, చాట్ మూత, రోజుకు గంట. పిన్ దగ్గరికి వచ్చేసరికి రఫీ లేచి గోడవైపు తిరిగాడు. నేనూ తిరిగాను. నా కళ్ల ముందు క్యాలెండర్, దాని పక్కన సున్నం ఊడిన చోటు. ఎవరూ చెప్పకుండానే అన్విత వచ్చి మా ఇద్దరి మధ్య నిలబడి తనూ గోడవైపు తిరిగింది. వెనక కవిత నాలుగుసార్లు నొక్కిన చప్పుడు వినిపించింది.

పని అయ్యాక కవిత రెండు కప్పుల చాయ్ తెచ్చింది. మొదటి కప్పు రఫీకే ఇచ్చింది. సిగ్గులేకుండా నాకు అప్పుడు కూడా మండింది.

సెంటర్‌కు వచ్చి రిపీట్ కాల్ ఫారం నేనే నింపాను. కారణం అనే గడిలో మూడు ఎంపికలు ఉంటాయి: పార్టు లోపం, కస్టమర్ వాడకంలో లోపం, టెక్నీషియన్ తప్పు. మూడోదానికి టిక్ పెట్టి పక్కన నా పేరు, ఎంప్లాయీ నంబరు రాశాను. ఖాళీగా వదిలిన పాత గడి కూడా నింపాను. భాస్కర్ గారు చదివి, సంతకం పెట్టి ఫైల్లో పెట్టారు. జూలై ఒకటిన రఫీ ఇన్‌ఛార్జ్ అయ్యాడు. నేను సీనియర్ టెక్నీషియన్‌గానే రెండేళ్ల తర్వాత రిటైరయ్యాను.

ఆ రెండేళ్లూ రఫీ సంతకం పెట్టిన జాబ్ కార్డులు తీసుకునే పనికి వెళ్లాను. రఫీ అంటే కడుపుమంట తగ్గిందా అంటే తగ్గలేదు, అది నాతోపాటే రిటైరైంది. కానీ వెళ్లిన ప్రతి ఇంట్లోనూ పిన్ దగ్గరికి వచ్చేసరికి పిల్లల్ని బయటికి పంపి లేచి నిలబడ్డాను. కొత్తగా చేరిన ట్రైనీలకూ అదే నేర్పాను. మనసులో ఏముందన్నది పనికి అక్కర్లేదు. తల్లి పిన్ నొక్కేటప్పుడు మన ముఖం గోడవైపు ఉండాలి.