ఉగాది లెక్కకు అందని రంజాన్

2023 మే నెలలో మా కంపెనీ నన్ను కెనడాలోని మాంట్రియల్ ప్రధాన కార్యాలయం నుంచి విండ్సర్ ప్రాంతానికి డిమాండ్ ప్లానింగ్ సీనియర్ మేనేజరుగా పంపింది. రిటైర్మెంటుకు అప్పటికి రెండేళ్లు కూడా లేవు. ఈ వయసులో కొత్త ఊరేమిటని మా ఆయన గొణిగారు కానీ, విండ్సర్‌లో చలి కాస్త తక్కువని తెలిశాక సామాన్లన్నీ ఆయనే సర్దారు.

మాది సూపర్‌మార్కెట్ల కంపెనీ. ఏ దుకాణానికి ఏ సరుకు ఏ వారం ఎంత కావాలో ముందుగా అంచనా కట్టి సరఫరాదారులకు చెప్పడమే డిమాండ్ ప్లానింగ్. అంచనా తక్కువైతే అరలు ఖాళీగా ఉంటాయి, ఎక్కువైతే సరుకు చెత్తలోకి పోతుంది. బయటివాళ్లకు ఇది జాతకం చెప్పడంలా కనిపిస్తుంది. నిజానికి ఇందులో ఎక్కువ భాగం పోయినేడు ఇదే వారంలో ఎంత అమ్మామో చూసి, దానికి కొంచెం కలపడమో తీయడమో చేయడం. క్రిస్మస్ ఏటా ఒకే తేదీన వచ్చే దేశంలో ఈ పద్ధతి బాగానే నడిచింది.

నేను విండ్సర్ చేరిన వారంలోనే హలాల్ కౌంటరు గొడవ నా బల్ల మీదికి వచ్చింది. అంతకు ఏడాదిన్నర క్రితం మా పెద్ద దుకాణంలో ఆ కౌంటరు తెరిచారు. దాని వెనక కథ నాకు ముందే తెలుసు. మాంట్రియల్లో ఒక కన్సల్టెంటు వచ్చి స్లయిడ్లు చూపించినప్పుడు నేనూ ఆ గదిలోనే ఉన్నాను. ప్రపంచంలో ముస్లింల జనాభా మిగతావాళ్లకంటే వేగంగా పెరుగుతోందనీ, వాళ్లలో వయసులో ఉన్నవాళ్లు ఎక్కువనీ, కాబట్టి రాబోయే కాలంలో తిండి, బట్టలు, ప్రయాణాలు, బ్యాంకింగు అన్నింటా వాళ్ల కొనుగోళ్లకు పెద్ద వాటా ఉంటుందనీ అతను చెప్పాడు. తెర మీద ఆకుపచ్చ బాణం ఒకటి పైకి పోతూ ఉంది. ఆ బాణాన్ని చూసి లోకంలో కొందరు భయపడతారు, కొందరు లొట్టలేస్తారు. నా ఉద్యోగం రెండోవాళ్ల దగ్గర. ఇద్దరూ చూసేది ఆ బాణాన్నే, మనుషుల్ని కాదని నాకు ఆ రోజే చిరాకు వేసింది. అయినా కౌంటరు మంచి ఆలోచనే కాబట్టి ఊరుకున్నాను.

కౌంటరు నడిపేది నూర్ అనే ఆవిడ. ఆ దుకాణంలో మాంసం విభాగం మేనేజరు. లెబనాన్‌లో పుట్టి, చిన్నప్పుడే విండ్సర్ వచ్చేసింది. వాళ్ల నాన్న ఇక్కడి కార్ల ఫ్యాక్టరీలో పనిచేశాడు. కౌంటరు పెట్టమని కంపెనీ వెంటపడి ఒప్పించిన మనిషి కూడా ఆవిడే. మొదటి ఏడు రంజాన్ నెలలో తెచ్చిన చికెన్ తెచ్చినట్టే అమ్ముడుపోయింది. రెండో ఏడు, అంటే నేను రావడానికి ముందు వసంతంలో, అంతా తలకిందులైంది. ఉపవాసాలు మొదలైన వారంలో కౌంటరు ఖాళీ. పండగ అయిపోయాక లారీల కొద్దీ చికెన్ వచ్చింది. దాన్ని సగం ధరకు పెట్టినా కొనేవాళ్లు లేక పారేశారు.

కారణం చిన్నదే. రంజాన్ అంతకు ముందేటికంటే పదకొండు రోజులు ముందుకు జరిగింది. మా సిస్టం మాత్రం పోయినేటి వారాలనే పట్టుకుని వేలాడింది. నెల జరుగుతుందని నూర్ ఫిబ్రవరిలోనే ప్రధాన కార్యాలయానికి ఫోన్ చేసి చెప్పిందట. సిస్టం చూసుకుంటుందని అక్కడివాళ్లు జవాబిచ్చారట.

రికార్డులో మాత్రం ఇవేవీ ఉండవు. అందులో కనిపించేది అమ్మకం పడిపోయింది, వృథా పెరిగింది అని మాత్రమే. మాంసం విభాగం డైరెక్టరు పియేర్ ఒక్క అవకాశం ఇచ్చాడు. 2024 రంజాన్ కూడా ఇలాగే అయితే ఆ తర్వాతి సమీక్షలో కౌంటరు ఎత్తేసి అక్కడ పిజ్జాల ఫ్రీజర్లు పెడతారు. నూర్ తన పాత ఉద్యోగానికి, క్యాష్ కౌంటర్ల సూపర్వైజరుగా వెళ్లిపోవాలి. మొదటిసారి కలిసినప్పుడు ఆవిడ నాతో మొహమాటం లేకుండా అంది. తప్పు మీ లెక్కది, శిక్ష నాకూ నా కౌంటరుకూనా అని. నాకు ఆవిడ నచ్చింది.

లెక్క సరిచేసే పని రవికిరణ్‌కు అప్పగించాను. భీమవరం మనిషి, నలభైకి దగ్గర పడుతున్నవాడు, అమెరికాలో కొన్నాళ్లు చేసి ఇటు వచ్చాడు. ఆఫీసులో అందరూ నన్ను సుభద్రా అని పేరు పెట్టి పిలిస్తే అతనొక్కడే మేడమ్ అనేవాడు. పనిమంతుడు. పైగా ఇక్కడి తెలుగు సంఘానికి ఏటా పండగల క్యాలెండర్ తయారుచేసేది అతనే. అమావాస్యలు, పౌర్ణములు, ఉగాదులు రాబోయే పదేళ్లకు కంప్యూటర్లో లెక్కకట్టి పెట్టుకున్నాడు.

నవంబర్లో నా గదిలోకి వచ్చి, మొహం వెలిగిపోతుండగా ల్యాప్‌టాప్ తెరిచాడు.

"దొరికేసిందండీ మేడమ్. వాళ్లదీ చాంద్రమానమే, మనదీ చాంద్రమానమే. ఉగాది పాడ్యమి దాటగానే వాళ్లకు నెలవంక కనపడుతుంది, రోజాలు స్టార్ట్ అయిపోతాయి. మూడేళ్లు చెక్ చేశానండీ. పర్ఫెక్ట్‌గా మ్యాచ్ అయింది!"

నేనూ చూశాను. 2021లో, 2022లో, 2023లో, మూడేళ్లూ ఉగాది రోజో మర్నాడో రంజాన్ మొదలైంది. మా వృత్తిలో దీన్ని బ్యాక్ టెస్ట్ అంటారు. కొత్త సూత్రాన్ని గడిచిన మూడేళ్ల మీద నడిపి చూస్తారు. జరిగినదానితో సరిపోతే పాసైనట్టు. ఆ తర్వాత తయారుచేసినవాడూ, సీనియర్ మేనేజరూ సంతకం చేస్తే అది సిస్టంలోకి వెళ్లిపోతుంది. రవి సూత్రం పాసైన తీరులో నా ఉద్యోగ జీవితంలో మరొకటి పాసవ్వలేదు.

"ఇంకోటండీ, మొన్న మనకు అధిక శ్రావణం వచ్చింది కదా, అది కూడా కలిపేశాను. వచ్చే ఏడు ఉగాది ఏప్రిల్ రెండో వారానికి పోయింది. సో, రంజాన్ కూడా అప్పుడేనండీ" అన్నాడు.

సంతకం పెట్టడానికి ముందు రాబోయే పదేళ్ల గ్రాఫు చూడటం నాకు అలవాటు. చూశాను. రంజాన్ అమ్మకాల శిఖరం ఒక ఏడు మార్చిలో, ఒక ఏడు ఏప్రిల్లో, ఉయ్యాలలా అటూ ఇటూ ఊగుతోంది. ఎండాకాలం మొదలు దాటి ఎక్కడికీ పోవడం లేదు. అక్కడ నా చెయ్యి ఆగింది.

మాది కర్నూలు. మా గోడకు ఆనుకునే ఖైరున్నీసా వాళ్ల ఇల్లు. ఆ పిల్లా నేనూ ఒకే బడి. రంజాన్ రోజు వాళ్లమ్మ గోడ మీదుగా షీర్ ఖుర్మా గిన్నె అందించేది. ఒక ఏడు దీపావళి టపాకాయలు కాల్చిన మర్నాడో ఆ మర్నాడో వాళ్లింట్లో ఉపవాసాలు మొదలయ్యాయి. ఖైరున్నీసా శాలువా కప్పుకుని ఉపవాసం విడిచే వేళైందని చెప్పే మసీదు సైరన్ కోసం అరుగు మీద కూర్చునేది. నేను డిగ్రీకి వచ్చేసరికి ఆ సైరన్ వానాకాలంలో వినిపించేది. రంజాన్ ఉగాది వెంట నడిచేదైతే ఆ శాలువా ఎందుకు కప్పుకుంటుంది?

"రవీ, రంజాన్ ఉగాదికే వస్తుందంటివి కదా. మరి మా కర్నూల్లో దీపావళికి ఎట్ల వచ్చిందప్పా?" అన్నాను.

అతను నవ్వాడు. నేను నవ్వకపోయేసరికి ఆపేశాడు. "అప్పట్లో మీరు చిన్నపిల్ల కదండీ, సరిగ్గా గుర్తుండకపోవచ్చు. డేటా అయితే క్లియర్‌గా ఉందండీ" అన్నాడు. నాకు ఒళ్లు మండింది కానీ, అతను చెప్పింది మా వృత్తి నేర్పినదే. జ్ఞాపకం మీద అంకెలను కొట్టేయకూడదు. అందుకని ఇద్దరం అక్కడే కూర్చుని ముస్లింల హిజ్రీ క్యాలెండర్ తెరిచి చూశాం.

సంగతి ఇది. చంద్రుడి లెక్కన పన్నెండు నెలలు సూర్యుడి ఏడాదికంటే పదకొండు రోజులు తక్కువ. మనవాళ్లు మూడేళ్లకోసారి అధికమాసం వేసి ఆ లోటు పూడుస్తారు. అందుకే ఉగాది ఎంత జరిగినా మళ్లీ వెనక్కి వస్తుంది. వాళ్లు అధికమాసం వేయరు. వాళ్ల నెల ఏటా ముందుకు జరుగుతూ అన్ని రుతువులూ చుట్టి వస్తుంది. రెండు అధికమాసాల మధ్య సందులో రెండూ మూడేళ్లు పక్కపక్కన నడిచాయి. ఆ మూడేళ్లనే మేం పరీక్షకు తీసుకున్నాం. రవి ఎంతో శ్రద్ధగా కలిపిన అధిక శ్రావణమే వాటిని విడదీసింది. 2024లో రంజాన్ మొదలయ్యేది మార్చి రెండో వారంలో. అతని లెక్కన సాగితే మొదటి పెద్ద లారీ ఉగాది నాటికి వచ్చేది. ఆ మర్నాడు వాళ్లకు పండగ.

ఈ పొరపాటు ఇక్కడి తెల్లవాళ్లు ఎవరూ చేయలేరు. చంద్రుణ్ని చూసి పండగ చేసుకునేవాళ్లే చేయగలరు. "మనకు తెలిసిందే కదా అనుకున్నానండీ" అన్నాడు రవి. తెలియని విషయమైతే ఎవరినో ఒకర్ని అడిగేవాడు. తెలుసనుకోవడం వల్లే ఎవరినీ అడగలేదు.

నూర్‌కు ఫోన్ చేసి జరిగింది చెప్పాను. ఆవిడ ముందు నవ్వింది, తర్వాత కోప్పడింది. మీ మూడేళ్ల పరీక్షలో ఒక్క రోజైనా ఎవరైనా నన్ను అడిగారా అంది. అడగలేదు. ఇప్పుడైనా మార్చి మొదటి వారానికి ఎంత కావాలో చెప్పమన్నాను. ఉపవాసాలకు ముందు వారమే ఇళ్లలో సరుకు నింపుకుంటారనీ, చివరి పది రోజుల్లో బంధువుల భోజనాలు పెరుగుతాయనీ, మధ్యలో కాస్త నెమ్మదిస్తుందనీ చెప్పింది. మా గ్రాఫులో ఈ మూడు అంచెలూ లేవు, ఒక్క శిఖరమే ఉంది.

ఇక చికెన్ సంపాదించడం. ఇది బటన్ నొక్కితే వచ్చే సరుకు కాదు. గుడ్లు పొదగాలి, కోళ్లు పెరగాలి, పైగా కెనడాలో ఎన్ని కోళ్లు పెంచాలో కోటా ముందే పంచేస్తారు. ఒక నెల ముందుకు జరపాలంటే డిసెంబర్లోపు సరఫరాదారుకు మాట ఇచ్చేయాలి. పియేర్‌కు ఫోన్ చేశాను. బ్యాక్ టెస్ట్ పాసైన సూత్రాన్ని కాదని వేరే తేదీ పెట్టమంటున్నావా, తేడా వస్తే ఎవరిది బాధ్యత అన్నాడు. నాది అన్నాను. రిటైరయ్యే మనిషికి ఇలాంటి మాటలు సులువుగా వస్తాయి. రవి కూడా తన పేరు రాయమన్నాడు. అలా రాయమని అతన్ని ఎవరూ అడగలేదు.

సరఫరాదారు అడిగినదంతా ఇవ్వలేకపోయాడు కానీ చాలావరకు ఇచ్చాడు. మార్చి మొదటి వారంలో నేను దుకాణానికి వెళ్లి నిలబడ్డాను. పొద్దున నింపిన అద్దాల పెట్టె మధ్యాహ్నానికి మళ్లీ నింపాల్సి వచ్చింది. నూర్ చేతి తొడుగులు విప్పకుండానే నాకు దూరం నుంచి చెయ్యి ఊపింది, దగ్గరికి రావడానికి తీరిక లేక. నెల సగం గడిచేసరికే లెక్క తేలిపోయింది. పారేసినది దాదాపు లేదు. కౌంటరు ఉంటుందనీ, మాంట్రియల్లో ఒకటి, హాలిఫాక్స్‌లో ఒకటి కొత్తవి తెరుస్తామనీ పియేర్ సమీక్షకు ముందే చెప్పేశాడు. నాకు సంతోషంతో కాళ్లు నేల మీద నిలవలేదు.

ఆ మర్నాడు ప్రధాన కార్యాలయం నుంచి ఆహ్వానం వచ్చింది. నూర్‌ను సన్మానిస్తామనీ, కొత్త కౌంటర్ల గురించి ఆవిడ సలహాలు తీసుకుంటామనీ, ఖర్చులన్నీ కంపెనీవేననీ రాశారు. మార్చి నెలాఖరులో, మంచి రెస్టారెంటులో, మధ్యాహ్నం ఒంటిగంటకు భోజనం. నేను చదివి మురిసిపోయి, వెంటనే నూర్‌కు పంపబోతున్నాను. అంతలో రవి ఫోన్ చేశాడు.

"మేడమ్, పంపకండీ. ఆ రోజు ఆవిడ ఉపవాసం ఉంటారు కదా" అన్నాడు.

పియేర్‌కు చెప్పాను. అతను నిజంగానే సిగ్గుపడ్డాడు. అయ్యో, ఆ నెల మన క్యాలెండర్లో ఉంది కదా అన్నాడు. ఉంది, చికెన్ ఆర్డర్ల క్యాలెండర్లో ఉంది. సమావేశాన్ని పండగ తర్వాతి వారానికి మార్చారు. నూర్ వెళ్లింది, రెండు గంటలు మాట్లాడిందట. ఎక్కువగా వాళ్లకు నచ్చని మాటలేనట.

మరుసటి ఏడాది నేను రిటైరయ్యాను. ఈ పని చేయాలనుకునేవాళ్లు అడిగితే నేను చెప్పేది ఒక్కటే. సూత్రం పాసైందంటే అది నిజమని కాదు, దాని తప్పు ఇంకా దొరకలేదని అర్థం. ఒక జనం పెరుగుతోందన్నది వ్యాపారానికి పనికొచ్చే వార్తే. అయితే జనాభా లెక్క ఎంతమంది తింటారో చెబుతుంది. ఎప్పుడు తినరో వాళ్లనే అడగాలి.